పోస్టు పేరు వేరు, పని మాత్రం ఒకటే

ప్రశ్న: మేడం, నేను ఒక కంపెనీ అకౌంట్స్ విభాగంలో చాలా ఏళ్లుగా చేస్తున్నాను. నా తర్వాత చేరిన అబ్బాయికి పని నేర్పింది నేనే. అతని జీతం నాకంటే బాగా ఎక్కువని ఈమధ్యే తెలిసింది. అడిగితే 'అతను ఎగ్జిక్యూటివ్, మీరు అసిస్టెంట్, పోస్టే వేరు కదా' అన్నారు. నెలాఖరు లెక్కలు ఇద్దరం పక్కపక్కన కూర్చునే చేస్తాం. గట్టిగా అడిగితే గొడవలకోరునన్న ముద్ర పడుతుందేమోనని టెన్షన్. ఏం చేయమంటారు?
- ఒక పాఠకురాలు

జవాబు: తిరకాసంతా ఆ 'పోస్టే వేరు' అన్న మాటలోనే ఉందండీ. ఒకే పోస్టులో ఇద్దరికి రెండు జీతాలిస్తే ఎవరైనా నిలదీస్తారు, అదే ఒకరి పోస్టుకు పేరు మార్చేస్తే ఇక అడిగేవాళ్లుండరు. 1968లో ఇంగ్లండ్‌లోని డాగెన్‌హామ్ ఫోర్డ్ ఫ్యాక్టరీలో కార్ల సీటు కవర్లు కుట్టే ఆడవాళ్లు సమ్మెకు దిగింది ఇలాంటి గ్రేడు గొడవతోనే. కుట్టు పరీక్ష పాసైతేనే ఉద్యోగం, చేరాక మాత్రం నైపుణ్యం తక్కువ వాళ్ల గ్రేడు, అందులోనూ మగవాళ్లకిచ్చే దాంట్లో 85 శాతమే! సీట్లు లేక కార్ల తయారీ ఆగిపోయాక అది 92 శాతమైంది, 1970లో అక్కడ సమాన వేతన చట్టమూ వచ్చింది. గ్రేడు మారడానికి మాత్రం 1984లో మళ్లీ సమ్మె చేయాల్సి వచ్చింది.

అందుకే జీతం పెంచమని బతిమాలకండి, గ్రేడు సంగతి అడగండి. అంతర్జాతీయ కార్మిక సంస్థ 1951లో చేసిన ఒప్పందం కూడా సమాన విలువ ఉన్న పనికి సమాన వేతనం అంటుంది, పోస్టు పేర్లు ఒకటే కానక్కర్లేదు. బిల్లులు సరిచూసేది ఎవరు, ఆడిటర్లకు జవాబు చెప్పేది ఎవరు, కొత్తవాళ్లకు నేర్పేది ఎవరు, ఇవన్నీ ఒక కాగితం మీద రాసుకోండి. అది మెయిల్‌లో పెట్టి, ఎగ్జిక్యూటివ్‌కు కావాల్సినవాటిలో నాకు లేనిదేమిటో రాతపూర్వకంగా చెప్పమనండి. నిజంగానే అతనికి ఏదైనా అదనపు అర్హత ఉంటే అదీ బయటపడుతుంది, మంచిదే. ఆ అబ్బాయి మీద మాత్రం కోపం పెట్టుకోకండి, జీతాలు నిర్ణయించింది అతను కాదుగా.

ముద్ర పడదని నేను మాటివ్వలేను. ఇదే బాధ ఉన్న మరో ఇద్దరు కలిస్తే ఒక్కరి మీదే పడదు. జవాబు రాకపోతే యూనియన్‌నో లాయర్‌నో కలవండి, ఫిర్యాదుకు గడువు ఎంతో ముందే కనుక్కోండి. అమెరికాలో లిల్లీ లెడ్‌బెటర్ అనే ఆవిడ ఇలాంటి కేసునే 2007లో సుప్రీంకోర్టులో గడువు దాటిందన్న కారణంతో ఓడిపోయారు. 2009లో చట్టం మార్చారు గానీ ఆవిడకు రావాల్సిన డబ్బు రానేలేదు.