రెండు ఎకోల్లో రెండు రకాలుగా రాస్తే ఏది నమ్మాలి?

మీరు అడిగింది ఇదీ: నాన్నగారికి 72 ఏళ్లు, మెట్లెక్కితే ఆయాసం వస్తోంది. ఒకచోట ఎకో (గుండెకు తీసే అల్ట్రాసౌండ్) తీసి మోడరేట్ ఏఎస్ అన్నారు, అంటే గుండె నుంచి రక్తం బయటికెళ్లే ఆయోర్టిక్ వాల్వ్ ఓ మోస్తరుగా సన్నబడిందని. నెల తిరక్కుండానే ఇంకోచోట సివియర్ ఏఎస్, అంటే బాగా సన్నబడిందని అన్నారు. ఇప్పుడు సీటీ కూడా తీయించమంటున్నారు. ఎవర్ని నమ్మాలి, సీటీ డబ్బుల కోసమేనా అని మీ అనుమానం.

నేను చాలా ఏళ్లుగా ఎకో గదిలో టెక్నీషియన్‌గా పని చేస్తున్నాను. డాక్టర్ని కాదు కాబట్టి వైద్యం సంగతి మీ కార్డియాలజిస్టుకే వదిలేస్తాను. ఆ అంకెలు ఎలా వస్తాయో మాత్రం రోజూ చూసేదాన్ని, అది చెప్పగలను.

ముందుగా, రెండు చోట్లా నిజాయితీగానే కొలిచి ఉండొచ్చు. రిపోర్టు చివర ఉండే మోడరేట్, సివియర్ అనే మాటను కాసేపు పక్కన పెట్టి పైనున్న అంకెలు చూడండి. పీక్ వెలాసిటీ (వాల్వ్ గుండా రక్తం దూకే గరిష్ఠ వేగం), మీన్ గ్రేడియెంట్ (వాల్వ్‌కి అటూ ఇటూ ఒత్తిడిలో సగటు తేడా), వాల్వ్ ఏరియా (వాల్వ్ తెరుచుకునే వైశాల్యం) అని మూడుంటాయి. వెలాసిటీ సెకనుకు 4 మీటర్లు గానీ, మీన్ గ్రేడియెంట్ 40 (బీపీలాగే పాదరసం మిల్లీమీటర్లలో) గానీ చేరితే సివియర్. ఏరియా 1 చదరపు సెంటీమీటరు కన్నా తగ్గినా సివియర్ అనే అంటారు. ఆరోగ్యంగా ఉన్న ఆయోర్టిక్ వాల్వ్ 3 నుంచి 4 చదరపు సెంటీమీటర్లు తెరుచుకుంటుంది. చిక్కంతా ఈ మూడూ ఒకే మాట చెప్పనప్పుడే.

నీళ్ల పైపు చివర బొటనవేలు అడ్డం పెడితే నీళ్లు జోరుగా చిమ్ముతాయి కదా, వాల్వ్ సన్నబడ్డప్పుడు రక్తం అలాగే దూకుతుంది. డాప్లర్‌తో, అంటే ఎకోలోనే రక్తం వేగాన్ని చూపే పద్ధతితో, ఆ వేగాన్ని కొలిచి, వేగాన్ని వేగంతో గుణించి, దాన్ని 4తో గుణిస్తే ఒత్తిడిలో తేడా వస్తుంది. వేగం 4 అయితే 64, 3.5 అయితే 49. ఇది గరిష్ఠ తేడా, పైన చెప్పిన మీన్ గ్రేడియెంట్ సగటు కాబట్టి దీనికన్నా తక్కువుంటుంది. వేగంలో చిన్న తేడా గ్రేడియెంట్‌లో అంత పెద్దదై కనిపిస్తుంది. పైగా ప్రోబ్ (ఛాతీ మీద ఆనించే పరికరం) రక్తం దూకే దిశకు తిన్నగా ఉండాలి. 30 డిగ్రీలు పక్కకు పోయిందంటే 4 మీటర్ల వేగం 3.5గా నమోదవుతుంది. అందుకే మేం గుండె కొన దగ్గర్నుంచి ఒక్కచోటే చూసి ఊరుకోకూడదు. పేషెంటుని కుడివైపు తిప్పి పడుకోబెట్టి, ఛాతీ ఎముకకు కుడి పక్క నుంచి కూడా చూడాలి. ఓపీ రద్దీలో ఈ పని తరచూ ఎగిరిపోతుంది. మీరు మళ్లీ ఎకోకి వెళ్తే, 'కుడి పక్క నుంచి కూడా చూస్తారా' అని అడగండి. మర్యాదగా అడిగితే ఎవరూ ఏమీ అనుకోరు.

ఏరియా సంగతి వేరు. దాన్ని నేరుగా కొలవం, లెక్కగడతాం. వాల్వ్‌కి కాస్త కింద, గుండె గదిలోంచి రక్తం బయటికొచ్చే దారి వ్యాసం కొలుస్తాం. రిపోర్టులో ఎల్‌వీఓటీ డయామీటర్ అని ఉండేది అదే. లెక్కలో ఆ వ్యాసం వర్గమవుతుంది. అక్కడ 20 మిల్లీమీటర్లు అనుకుంటే ఏరియా 1.01 వచ్చే మనిషికి, 18 అనుకుంటే 0.82 వస్తుంది. తెర మీద రెండు మిల్లీమీటర్ల తేడా అంటే గీత ఎక్కడ మొదలెట్టి ఎక్కడ ఆపామన్నదే. సున్నం పేరుకున్న వాల్వ్ దగ్గర ఆ అంచు స్పష్టంగా కనపడదు కూడా. మీ రెండు రిపోర్టుల్లో ఈ ఒక్క కొలత పోల్చి చూడండి, తేడా అక్కడే దొరకొచ్చు.

ఇంకో కారణముంది, మా పెద్దమ్మ విషయంలో జరిగింది అదే. సన్నటి మనిషి, ఎప్పట్నుంచో బీపీ. మీన్ గ్రేడియెంట్ 40కి చాలా తక్కువే, ఏరియా మాత్రం 0.8. ఈఎఫ్, అంటే ఒక్కో దెబ్బకు గుండె గదిలోని రక్తంలో ఎంత శాతం బయటికెళ్తుందో ఆ అంకె, బాగానే ఉంది. గ్రేడియెంట్ చూసి ఒకరు పర్వాలేదన్నారు. గుండె గోడలు దళసరెక్కి లోపలి గది చిన్నదైపోతే, ఈఎఫ్ బాగున్నా ఒక్కో దెబ్బకు బయటికెళ్లే రక్తమే తక్కువ. పైపులో నీళ్లే తక్కువొస్తుంటే వేలెంత నొక్కినా జోరు రాదు, కానీ అడ్డం అడ్డమే. దీన్నే లో ఫ్లో లో గ్రేడియెంట్ అంటారు. ఎకో తీసే వేళకు బీపీ బాగా ఎక్కువగా ఉన్నా గ్రేడియెంట్ తగ్గి కనపడుతుంది. అందుకే బీపీ అదుపులోకి వచ్చాక మళ్లీ చూడటం మంచిది. ఈఎఫ్ తగ్గినవాళ్లకైతే డోబుటమిన్ అనే మందు ఎక్కిస్తూ ఎకో చేస్తారు.

ఇలాంటి చోటే సీటీ పనికొస్తుంది. ఆ సీటీలో రంగు మందు ఎక్కించరు, కొద్ది నిమిషాల్లో అయిపోతుంది. వాల్వ్ మీద ఎంత కాల్షియం పేరుకుందో ఒక అంకె ఇస్తుంది. మగవారికి 2000, ఆడవారికి 1200 దాటితే సివియర్ అయ్యే అవకాశం ఎక్కువ. మగవారికి 1600, ఆడవారికి 800 లోపుంటే ఆ అవకాశం తక్కువ. పెద్దమ్మ అంకె 1200 దాటి చాలా దూరం పోయింది, దాంతో సందేహం తీరింది. చిన్నప్పటి రుమాటిక్ జ్వరం వల్ల పాడైన వాల్వ్‌కి మాత్రం ఈ లెక్కను అంతగా నమ్మలేం, అక్కడ కాల్షియం కన్నా మందంగా అతుక్కుపోవడమే ఎక్కువ. కాబట్టి మీ విషయంలో సీటీ డబ్బుల కోసమని నేననుకోను. కాకపోతే ఏ సీటీ రాశారో చూసుకోండి. కాలి రక్తనాళం గుండా వాల్వ్ మార్చే టావీ కోసం తీసే సీటీ వేరు. అందులో రంగు మందు ఎక్కిస్తారు, ముందు క్రియాటినిన్ (కిడ్నీల పనితీరు చెప్పే రక్త పరీక్ష) చూస్తారు. వాల్వ్ మార్చాలని తేలాకే దాని అవసరం.

అసలు నా మనసులో ఉన్నది చెప్తాను. అంకెల గొడవలో నాన్నగారి ఆయాసాన్ని మర్చిపోకండి. సివియర్ అని తేలి, ఆ ఆయాసం వాల్వ్ వల్లేనని డాక్టరు చెప్తే, నెలల తరబడి వాయిదా వేయకండి. వాల్వ్ సన్నబడటాన్ని ఆపే మందు ఇంతవరకూ లేదు, కొలెస్ట్రాల్ మాత్రలతో ప్రయత్నించి చూశారు, ఫలితం లేకపోయింది. పెద్దవాళ్లు ఆయాసాన్ని ఒప్పుకోరు, పని తగ్గించుకుంటారు. పెద్దమ్మ మిద్దె మీద వడియాలు పెట్టడం మానేసింది. అడిగితే మోకాళ్లనేది. 'కిందటి సంక్రాంతికి చేసిన పని ఇప్పుడు చేయగలుగుతున్నారా' అని నాన్నగారిని అడగండి, ఆ జవాబు డాక్టరుకి చెప్పండి. కళ్లు తిరిగి పడిపోయినా, నడుస్తుంటే ఛాతీ పట్టేసినా అదే రోజు వెళ్లాలి. సివియర్ అని అనుమానముండి ఆయాసం కూడా ఉన్నవాళ్లకి ట్రెడ్‌మిల్ పరీక్ష చేయకూడదు, ఎక్కడైనా హెల్త్ చెకప్ ప్యాకేజీలో కలిపి చేస్తామంటే వద్దని చెప్పండి.

రెండు రిపోర్టులతో పాటు ఎకో సీడీలు కూడా అడిగి తీసుకుని ఒకే కార్డియాలజిస్టుకి చూపించండి. కాగితం కన్నా బొమ్మలే ఆయనకు ఎక్కువ చెప్తాయి. వాటిలో బైకస్పిడ్ అని, అంటే మూడు రెక్కలకు బదులు రెండే ఉన్నాయని తేలితే, మీరూ మీ తోబుట్టువులూ కూడా ఒకసారి ఎకో తీయించుకోండి.