కుండీ మార్చాక మడగాస్కర్ ఆర్కిడ్ కింది ఆకులు పండి రాలుతున్నాయి, నీళ్లు పెంచాలా?

పెంచకండి. ఈ ఆర్కిడ్‌కి (శాస్త్రీయ నామం ఆంగ్రేకమ్ సెస్క్విపెడేల్) కుండీ మార్చాక కింది ఆకులు పండటం చాలా మామూలు. అప్పుడు ఎక్కువ నీళ్లు పోయడం వల్లే మొక్కలు చచ్చిపోతాయి.

ఈ మొక్కకు వేర్లు కొన్నే ఉంటాయి, అవీ బాగా లావుగా. కొత్త కుండీలోకి వంచి దూర్చేటప్పుడు ఒకటి చిట్లినా అక్కడినుంచి కుళ్లు మొదలవుతుంది, కొత్త వేరు రావడానికి నెలలు పడుతుంది. డెండ్రోబియం అనే మరో ఆర్కిడ్‌కి ఉన్నట్టు దీనికి నీళ్లు దాచుకునే కాండం లేదు. ఉన్న నిల్వంతా ఆకుల్లోనే. వేర్లు తాగలేకపోతే పాత ఆకుల్లోంచి లాక్కుని పైవాటిని బతికించుకుంటుంది.

రాలిన ఆకు మొదలు పొడిగా, గట్టిగా ఉంటే కుండీ మార్చిన దెబ్బే, ఆగిపోతుంది. మొదలు నల్లబడి, నీరుకారి, వాసన వేస్తుంటే మాత్రం కుళ్లు. పైకి కనిపిస్తున్న వేరుని వేళ్లతో మెల్లగా నొక్కి చూడండి. బాగున్న వేరు గట్టిగా ఉంటుంది, తడిపితే బూడిద రంగు పోయి పచ్చబడుతుంది. కుళ్లిన వేరు మెత్తగా నలిగి పైపొర ఊడొస్తుంది, లోపల దారం మిగులుతుంది.

కుండీలో కోకోపీట్ (నీళ్లు పట్టి ఉంచే కొబ్బరి పొట్టు) వేసి ఉంటే మాత్రం మళ్లీ మార్చక తప్పదు. ఇది తూర్పు మడగాస్కర్ తీరం దగ్గరి పల్లపు అడవుల్లో చెట్ల మీద పెరిగే మొక్క. అక్కడ వానలు విపరీతం, కానీ వేర్లు బెరడుకి అతుక్కుని గాలిలోనే ఉంటాయి. అందుకే 2–3 సెంటీమీటర్ల పైన్ బెరడు ముక్కలు మూడు పాళ్లు, బొగ్గు ఒక పాలు కలిపి, పక్కల కూడా చిల్లులున్న మట్టి కుండీ వాడండి. మార్చే ముందు వేర్లను 20 నిమిషాలు నీళ్లలో నానబెడితే కాస్త వంగుతాయి. పాత కుండీకి అతుక్కున్న వేరుని పీకొద్దు. కుండీ పగలగొట్టి, ఆ పెంకుతో సహా కొత్తదాంట్లో పెట్టేయండి. మొక్క ఊగకుండా పుల్ల కట్టడం మర్చిపోకండి, ఊగితే కొత్త వేరు మొనలు బెరడుకి రాసుకుని ఆగిపోతాయి.

ఇప్పటికే పెద్ద బెరడులో ఉంటే అసలు కదపకండి. నీడ కొంచెం పెంచి, చుట్టూ తేమ ఉంచి, బెరడు ఆరబోతుండగా పొద్దున పూట తడపండి. ఆకుల మధ్య మొవ్వులో నీళ్లు నిలవకూడదు. ఈ మొక్క పైకే పెరుగుతుంది, మొవ్వు కుళ్లితే ఆ కాండం పెరుగుదల అక్కడితో ఆగినట్టే. పచ్చటి వేరు మొనలు కనిపించేదాకా ఎరువు వద్దు. ఆ తర్వాత 20-20-20 ఎరువు (నత్రజని, భాస్వరం, పొటాష్ సమానంగా ఉండేది) లీటరు నీళ్లకి అర గ్రాము, వారానికోసారి చాలు. హైదరాబాద్ బోరు నీళ్లు చాలాచోట్ల ఉప్పెక్కువ, వేరు మొనలు మాడతాయి. వాన నీళ్లో ఆర్వో నీళ్లో వాడండి. చలికాలం రాత్రి 15 డిగ్రీల కంటే తగ్గితే లోపల పెట్టాలి. విశాఖ వైపు తేమ దీనికి బాగా పడుతుంది, ఎండాకాలం హైదరాబాద్ పొడిగాలే కష్టం.

ఈ చలికాలం పూలు ఆశించకండి. వేర్లు దెబ్బతిన్న మొక్క ముందు వేర్లే కట్టుకుంటుంది. తర్వాతెప్పుడైనా పూకాడ వస్తే మొగ్గలు విచ్చేదాకా కుండీని తిప్పొద్దు. వెలుగు దిశ మారితే పూలు తలో పక్కకి తిరుగుతాయి. పూవు వెనక వేలాడే గొట్టం దాదాపు 30 సెంటీమీటర్లు సాగుతుంది, తేనె దాని అడుగున ఉంటుంది. 1862లో డార్విన్ ఆ గొట్టం చూసే, అంత పొడవు నాలుక ఉన్న సీతాకోకచిలుక లాంటి రెక్కల పురుగు (మాత్) మడగాస్కర్‌లో ఉండి తీరాలన్నాడు. అలాంటి పురుగు తర్వాత నిజంగానే దొరికింది, 1903లో దానికి పేరు పెట్టారు. అది రాత్రి తిరిగే పురుగు కాబట్టే ఈ పూల వాసన చీకటి పడ్డాకే గుప్పుమంటుంది. అందుకని పూసినప్పుడు కుండీని రాత్రి మీరు కూర్చునే చోట పెట్టుకోండి, సీలింగ్ ఫ్యాన్ నేరుగా తగలకుండా.