డాక్టరును తొందరపెట్టకు

సత్యనారాయణపురం,
విజయవాడ.

చిరంజీవికి ఆశీస్సులు.

కథ అందింది. గుంటూరు మిర్చి యార్డును ఇంత దగ్గరగా చూసి రాసినవాళ్ళు ఈమధ్య నాకు తారసపడలేదు. తేజ రకం మిర్చి టిక్కీలు (బస్తాలు) దింపుతుంటే వదిన కొంగు ముక్కుకు అడ్డం పెట్టుకుని, దగ్గుతూనే చిట్టా సరిచూసుకోవడం, ఆ కన్నీళ్ళు ఘాటువో మరొకటో నువ్వు తేల్చకుండా వదిలెయ్యడం చాలా బాగున్నాయి. ఆ పేజీల జోలికి మళ్ళీ వెళ్ళకు. నా పేచీ అంతా కొత్తపేట ఆసుపత్రి గదితోనే.

అక్కడ నువ్వేం చేశావు? అన్నయ్య తల వంచుకుని కూర్చున్నాడు. డాక్టరు కళ్ళద్దాలు తీసి, రెండు ప్రశ్నలు వేసి, "ఇది బైపోలార్ డిజార్డర్" అనేశాడు. వదిన భోరుమంది. సన్నివేశం అయిపోయింది. పెళ్ళిచూపులకైనా మనవాళ్ళు అంతకంటే ఎక్కువసేపు కూర్చుంటారు కదమ్మా! కథకు జబ్బు పేరే పెట్టావు కాబట్టి, పాఠకుడికి ముందే తెలిసిన సంగతిని డాక్టరు చేత మళ్ళీ చెప్పించావు. పైగా ఆ మాట అనడానికి ఆయన దగ్గర ఆ క్షణాన ఆధారమే లేదు. ఎందుకో కొంచెం వివరంగా చెబుతాను, ఓపిగ్గా చదువు.

ఆయన ఎదురుగా ఉన్నది నెలల తరబడి యార్డు ముఖం చూడని మనిషి. కుంగుబాటును నిర్ధారించడానికి అమెరికా మానసిక వైద్యుల సంఘం పుస్తకం డీఎస్ఎం తొమ్మిది లక్షణాలు చెబుతుంది. ఎడతెగని దిగులు, దేని మీదా ఆసక్తి లేకపోవడం, ఆకలిలో లేదా బరువులో మార్పు, నిద్ర పట్టకపోవడం లేదా అతినిద్ర, మందకొడితనం లేదా కాలు నిలవనితనం, నీరసం, తాను ఎందుకూ కొరగాననే అపరాధ భావం, మనసు నిలపలేకపోవడం, చావు గురించిన ఆలోచనలు. వీటిలో కనీసం అయిదు, రెండు వారాల పాటు దాదాపు ప్రతిరోజూ ఉండాలి. అందులో మొదటి రెండింటిలో ఒకటి తప్పనిసరి. వాటివల్ల పనో సంసారమో దెబ్బతిని ఉండాలి. ప్రపంచ ఆరోగ్య సంస్థ వర్గీకరణ ఐసీడీ-11 దీనికి భవిష్యత్తు మీద ఆశ లేకపోవడాన్ని చేర్చి పది చేసింది. నువ్వు రాసిన అన్నయ్యలో నేను వేళ్ళు మడిచి చూస్తే ఆరు దొరికాయి. అంటే ఏ డాక్టరైనా ఆ పూట రాయగలిగింది కుంగుబాటు అనే.

మనసు ఒకప్పుడు ఉద్రేకంలోకీ ఒకప్పుడు కుంగుబాటులోకీ ఊగే జబ్బు బైపోలార్. అందులో వచ్చే కుంగుబాటుకూ మామూలు కుంగుబాటుకూ పైకి పెద్ద తేడా కనిపించదు. తేడా అంతా గతంలో ఉంటుంది. అందుకే అనుభవమున్న డాక్టరు ఇవాళ్టి దిగులును విన్నాక వెనక్కి వెళ్ళి అడుగుతాడు: "రెండు మూడు గంటలే పడుకున్నా అలసట లేకుండా, ఎక్కడలేని హుషారుగా ఉన్న రోజులు ఎప్పుడైనా ఉన్నాయా?" నిద్ర పట్టకపోవడం వేరు, నిద్ర అవసరమే లేదనిపించడం వేరు. ఈ ప్రశ్నకు రోగి చాలాసార్లు లేదనే అంటాడు. దిగులులో మునిగి ఉన్నవాడికి ఆ రోజులు గుర్తుండవు, గుర్తున్నా అవి జబ్బని తోచదు. కాబట్టి ఆయన ఇంట్లోవాళ్ళను అడుగుతాడు.

ఇప్పుడు నీ కథ మూడో పేజీ తియ్యి. నిరుటి వేసవిలో అన్నయ్య తెల్లవారుజామున మూడింటికి లేచి కమీషన్ వ్యాపారులకు ఫోన్లు చేశాడు. ధర రెట్టింపవుతుందని అప్పు చేసి కోల్డ్ స్టోరేజి నిండా టిక్కీలు వేయించాడు. అమరావతి పక్కన స్థలానికి బయానా ఇచ్చాడు. బావమరిదికి బండి కొనిపెట్టాడు. మాట్లాడటం మొదలుపెడితే ఎదుటివాళ్ళకు సందు దొరికేది కాదు. నువ్వేమో దాన్ని "మా ఇంటి మంచి రోజులు" అని రాశావు. చూశావా, నిర్ధారణకు కావలసిన సాక్ష్యమంతా నీ చేతిలోనే ఉంది. ఆసుపత్రి గదిలో దాన్ని బయటికి తియ్యడం ఒక్కటే మరిచిపోయావు.

అందుకే ఆ సన్నివేశాన్ని వదిన చేతికి ఇవ్వు. డాక్టరు నిద్ర గురించి అడిగితే ఆమె, "అప్పుడు బంగారంలా ఉండేవారండీ, ఆ నెల ఎవరి దిష్టి తగిలిందో" అంటూ మొదలుపెట్టనీ. తర్వాత ఆయన ఒక్కొక్కటే అడుగుతాడు. ఎన్ని రోజులు? మాట వేగం ఎలా ఉండేది? డబ్బు ఎలా ఖర్చుపెట్టారు? ఎవరైనా అడ్డం చెబితే కోపం వచ్చేదా? ఆమె జవాబులు చెబుతూ చెబుతూ, తాను దాచుకున్న మంచి జ్ఞాపకం ఒక్కో ముక్కగా జబ్బు కింద జమ అవుతున్నట్టు తెలుసుకోవాలి. భోరుమనాల్సింది అక్కడ. అసలు ఏడవకపోయినా నాకు అభ్యంతరం లేదు.

కొలతలు కూడా తెలిసి ఉండటం మంచిది, కథలో పెట్టకపోయినా. ఆ ఉద్రేక దశను మేనియా అనాలంటే విపరీతమైన ఉత్సాహమో చిరాకో, దానికి తోడు పెరిగిన హుషారు, కనీసం వారం రోజులు రోజులో ఎక్కువ భాగం ఉండాలి. ఆసుపత్రిలో చేర్చాల్సినంత తీవ్రమైతే ఆ వారం లెక్క చూడరు. నిద్ర అవసరం తగ్గడం, గొప్పలు, ఆగని మాటలు, పరుగెత్తే ఆలోచనలు, తెగించి డబ్బు వెదజల్లడం వంటివాటిలో మూడు ఉండాలి. ఉత్సాహం లేకుండా చిరాకు మాత్రమే ఉంటే నాలుగు. ఇదే మోతాదు తగ్గి నాలుగు రోజులైనా ఉండి, ఇతరులకు మార్పు తెలుస్తున్నా బతుకు తలకిందులు కాకపోతే హైపోమేనియా అంటారు. జీవితంలో ఒక్కసారి మేనియా వచ్చినా బైపోలార్ టైప్ 1 కిందికి వస్తుంది, కుంగుబాటు రావాలన్న నియమం కూడా లేదు. హైపోమేనియా, కుంగుబాటు రెండూ వచ్చి, మేనియా ఎన్నడూ రాకపోతే టైప్ 2. నీ కథలో ఇల్లు తాకట్టు పడింది కాబట్టి డాక్టరు టైప్ 1 వైపు మొగ్గుతాడనుకుంటున్నాను.

ఇదంతా పేరు కోసం పాకులాట అనుకోకు. బైపోలార్ ఉన్న మనిషికి కుంగుబాటు మందు ఒక్కటే ఇస్తే అది కొందరిని మేనియాలోకి తోసెయ్యవచ్చు. అందుకే మనసు ఊగిసలాటను నిలకడపరిచే లిథియం వంటి మందుల వైపు చూస్తారు. అంటే ఆ ఒక్క ప్రశ్న అడగకపోతే ఏమవుతుందన్నదే ఒక కథ. నీకు ఆసక్తి ఉంటే మరో కథ రాసుకో, దీనిలో కలపకు.

ఈ గీతలు మనుషులు గీసుకున్నవే. 1899లో జర్మన్ వైద్యుడు ఎమిల్ క్రెపెలిన్ ఉద్రేకాన్నీ కుంగుబాటునూ ఒకే జబ్బుగా చూశాడు. 1957లో మరో జర్మన్ వైద్యుడు కార్ల్ లియోన్‌హార్డ్ రెండు వైపులా ఊగేవాళ్ళనూ ఒకవైపే కుంగేవాళ్ళనూ విడదీశాడు. 2013లో వచ్చిన డీఎస్ఎం-5 మూడ్ డిజార్డర్లు అనే ఉమ్మడి శీర్షికనే తీసేసి రెండు అధ్యాయాలు చేసింది. 2022 నుంచి అమల్లోకి వచ్చిన ఐసీడీ-11 మాత్రం ఆ ఉమ్మడి గొడుగును ఉంచుకుంది. నీ డాక్టరు నోట ఆ పేరు విధిరాతలా పలకకుండా ఉండటానికి ఈ చరిత్ర పనికొస్తుంది. ఆయన చేత "ప్రస్తుతానికి ఇలా అనుకుంటున్నాం, మళ్ళీ రండి, చూద్దాం" అనిపించు. నిజమైన డాక్టర్లు అలాగే అంటారు. సినిమా డాక్టర్లకే అంత తీరిక ఉండదు.

రక్తపరీక్ష విషయం. "రిపోర్టులో బైపోలార్ అని వచ్చింది" అని రాశావు, కొట్టెయ్యి. దాన్ని చూపించే రక్తపరీక్ష లేదు. రక్తం తీసేది వేరే కారణాలను పక్కకు తప్పించడానికి: థైరాయిడ్, రక్తహీనత, బి12 లోపం. మద్యం అలవాటుందా, స్టెరాయిడ్ మందులు వాడారా అని కూడా అడుగుతారు, ఎందుకంటే అవీ మనసును పైకీ కిందికీ లాగగలవు. ఇక నర్సు ఇచ్చిన ప్రశ్నల కాగితంలో మార్కులు చూసి తీర్పు చెప్పించావు. కుంగుబాటును అంచనా వేసే పీహెచ్‌క్యూ-9 అనే ఆ కాగితంలో 0 నుంచి 27 వరకు వస్తాయి, 10 గానీ ఆపైన గానీ వస్తే లోతుగా చూడమని సూచన మాత్రమే. నిర్ధారణ మాత్రం మాటల్లోనే, మనిషి కూర్చున్న తీరు, మాట వేగం, ఆలోచన తీగ తెగడం చూసే కన్నులోనే జరుగుతుంది.

నువ్వు అసలు రాయని సంగతి ఒకటుంది. మన ఊళ్ళలో "నాకు దిగులుగా ఉంది" అని ఎవరూ ఓపీకి రారు. తల నిండా పొగలు, ఒళ్ళంతా మంటలు, గుండె దడ, నరాల బలహీనత అంటూ వస్తారు. ముందు ఆర్ఎంపీ దగ్గర సెలైన్ ఎక్కించుకుని, ఆనక గుండె డాక్టరుకు చూపించుకుని, ఆఖర్న "నరాల డాక్టరు" పేరుతో మానసిక వైద్యుడి దగ్గరికి చేరతారు. యార్డులో సరుకుతో పాటు సలహాలూ దొరుకుతాయి కదా, అన్నయ్యను నేరుగా కొత్తపేటకు పంపకుండా ఈ దారిన తిప్పు. పేజీ పెరిగినా ఫరవాలేదు.

చట్టం గురించి ఒక మాట. వదిన తమ్ముడి చేత "పిచ్చివాడని కాగితం తెచ్చి ఆస్తి రాయించుకుందాం" అనిపించావు. ఆ మాట ఉంచు, మనుషులు అలాగే అంటారు. కానీ 2017 మానసిక ఆరోగ్య సంరక్షణ చట్టం ప్రకారం, జబ్బుందని తేలినంత మాత్రాన మనిషి మతిస్థిమితం లేనివాడైపోడు, అది కోర్టు తేల్చాలి. లాయరు పాత్ర ఎలాగూ ఉంది కాబట్టి ఆయన చేత ఒక్క వాక్యం అనిపిస్తే సరిపోతుంది.

చివరిది, నన్ను బాగా చిరాకు పెట్టింది. అన్నయ్యను ప్రకాశం బ్యారేజీ మీదికి తీసుకెళ్ళి, ఏ ఖానా దగ్గర, ఏ వేళప్పుడు అన్నది కూడా రాశావు. ఆ వివరాలు తీసెయ్యి. దిగులులో ఉన్న పాఠకుడు చదువుతాడన్న ఇంగితం ఉండాలి. దానికి బదులు డాక్టరు నేరుగా "చనిపోవాలన్న ఆలోచన వస్తోందా?" అని అడిగే ఘట్టం రాయి. అలా అడిగితే లేని ఆలోచన పుడుతుందని జనం భయపడతారు, అది అపోహ. అడిగినప్పుడు అన్నయ్య చాలాసేపటికి అవునంటాడు, ఆ సంగతి వదినకు తెలియడం అదే మొదటిసారి. బ్యారేజీ కంటే ఇది బలమైన ముగింపు. పత్రికకు పంపేటప్పుడు కథ కింద ప్రభుత్వ మానసిక సహాయ ఫోన్ సేవ టెలీ మానస్ ఉచిత నంబరు 14416 వెయ్యమని సంపాదకుడికి రాయి, కాదనడు.

జనవరిలో పుస్తక ప్రదర్శనకు వస్తావుగా, మార్చిన ప్రతి అప్పుడు తీసుకురా. కాగితానికి ఒక పక్కే రాయి, నేను దిద్దడానికి చోటుండాలి. కథ పేరు కూడా మార్చు.

ఉంటాను.