మెరిసే గవ్వ, వెలిసిన గవ్వ

ప్రశ్న: అష్టా చెమ్మా ఆడుకోవడానికి మా అమ్మమ్మ ఇచ్చిన నాలుగు పసుపు గవ్వలు ఏళ్లు గడిచినా నున్నగా మెరుస్తున్నాయి. సముద్రపు ఒడ్డున నాకు దొరికిన అలాంటి గవ్వ మాత్రం సుద్దముక్కలా వెలిసిపోయి ఉంది. ఇంట్లోని గవ్వలకు ఎవరైనా మెరుగు పెట్టారా? వీటిలో ఉండే ప్రాణి ఎక్కడ బతుకుతుంది?
- ఒక పాఠకురాలు, భీమునిపట్నం

జవాబు: ఆ మెరుగు మనుషులు పెట్టినది కాదు, గవ్వలో బతికిన నత్త తన ఒంటితో పెట్టినది. మీ ఆటగవ్వలు మోనెటేరియా మోనెటా అనే జాతివి కావచ్చు. సాధారణంగా 3 సెంటీమీటర్లకు మించని ఈ నత్తకు 1758లో స్వీడన్ శాస్త్రవేత్త లిన్నేయస్ ‘మోనెటా’ (లాటిన్‌లో నాణెం) అనే పేరు పెట్టడానికి కారణం, దాని గవ్వ అప్పటికే అనేక దేశాలలో నాణెంగా చెల్లుతూ ఉండడమే.

చాలా నత్తలకు గుల్ల బయట, ఒళ్లు లోపల ఉంటాయి. గవ్వనత్త తిరిగేటప్పుడు మాత్రం ప్రావారం అనే మెత్తని చర్మపు మడతలు రెండు పక్కల నుంచీ బయటకు వచ్చి, గుల్లను దుప్పటిలా కప్పి, వీపు మీద ఇంచుమించు కలుసుకుంటాయి. ఆ చర్మమే కాల్షియం కార్బొనేట్‌ను పలుచని పొరలుగా గుల్ల పైన పూస్తూ ఉంటుంది. ఇసుక రాపిడి, నాచు, ఇతర జీవులు నేరుగా తగలకుండా కాపాడేదీ అదే. ప్రాణి పోయాక ఆ కాపుదల ఉండదు కనుక, అలల్లో దొర్లి ఎండలో పడి ఉన్న గవ్వ గరుకెక్కుతుంది, పసుపు పొర అరిగినచోట లోపలి ఊదారంగు బయటపడుతుంది, చివరికి మీకు దొరికినదానిలా తెల్లబడుతుంది. అమ్మమ్మగారి గవ్వలు బహుశా ప్రాణం ఉండగానే సముద్రం నుంచి తీసినవి.

పిల్లగవ్వను చూస్తే అది గవ్వ అని పోల్చుకోవడం కష్టం. గుల్ల పలుచగా, చుట్లు పైకి కనిపిస్తూ, నోరు వెడల్పుగా ఉంటుంది. ఎదిగాక బయటి అంచు లోపలికి ముడుచుకుని, నోరు సన్నని చీలికగా మారి, దాని ఇరువైపులా పళ్లు ఏర్పడతాయి. అక్కడితో పొడవు పెరగడం ఆగిపోతుంది, ఇక మందం మాత్రమే పెరుగుతుంది. అనేక నత్తలకు ఉండే మూత గవ్వకు లేదు కనుక, పీతల నుంచి కాపాడేది ఆ ఇరుకు నోరే. నాలుగు గవ్వలూ నోరు పైకి పడితే చెమ్మా, బోర్లా పడితే అష్టా అని మనం లెక్కపెట్టే ఆట కూడా ఆ చదునైన నోటివైపును బట్టే పుట్టింది.

దీని నివాసం తూర్పు ఆఫ్రికా నుంచి పసిఫిక్ దీవుల దాకా వెచ్చని, లోతు తక్కువ సముద్రం. పగడపు దిబ్బలు, ఆటుపోట్ల నడుమ మునిగి తేలే రాళ్లు దీనికి ఇష్టం. పగలు రాళ్ల కింద దాగి, ఎక్కువగా రాత్రివేళ బయటకు వచ్చి నాచు మేస్తుంది. మన దేశంలో లక్షద్వీప్, అండమాన్ దీవులలోనూ, మన్నార్ సింధుశాఖలోనూ ఉంది. అన్నిటికంటే ప్రసిద్ధి మాల్దీవులది. అక్కడ గవ్వలను గుంటల్లో పాతి, మాంసం కుళ్లిపోయాక గుల్లలను తీసి, బియ్యానికి మారుగా బెంగాల్‌కు పంపేవారని 14వ శతాబ్దంలో మొరాకో యాత్రికుడు ఇబ్న్ బతూతా రాశాడు. 18వ శతాబ్దం చివర బెంగాల్‌లో రూపాయికి 5,120 గవ్వలన్న లెక్క వాడుకలో ఉండేది. అంత చిన్న నాణేనికి చిల్లు కూడా పడితే ఇక ఏమీ రాదు కనుకనే, చేతిలో ‘చిల్లిగవ్వ లేదు’ అంటున్నాము.

పోటు తీసిన వేళ రాళ్ల నడుమ బతికి ఉన్న గవ్వనత్తల కోసం మీరు వెతకవచ్చు. ఏ రాయినైనా తిప్పి చూస్తే, తిరిగి మునుపటి వైపుకే మెల్లగా వాల్చండి. ఆడ గవ్వనత్త గుడ్లు పెట్టి, పిల్లలు వెలువడే దాకా వాటి మీదే కూర్చుని ఉంటుంది.