అతిథి పాత్ర ఎవరిది?

సందేహం: స్వీడన్ సినిమాల మీద వ్యాసం రాస్తున్నాను. బెంగ్ట్ ఎకెరోట్ అనే నటుడు స్వీడన్ దర్శకుడు బెర్గ్‌మన్ సినిమాల్లో కాసేపే కనిపిస్తాడు. "అతిథి పాత్రలో తళుక్కున మెరిశాడు" అని రాస్తే మా మిత్రుడు నవ్వాడు. తప్పా?

సమాధానం: ఆయన నవ్వింది 'మెరిశాడు'కి అయ్యుంటుంది. 1957లో బెర్గ్‌మన్ 'సెవెంత్ సీల్' సినిమాలో ఎకెరోట్ వేసింది మృత్యువు వేషం. నల్లటి అంగీ, సున్నం కొట్టినట్టున్న ముఖం, ఎదురుగా చదరంగం. మృత్యువు ఎక్కడైనా తళుక్కుమంటుందటండీ? పెళ్లికొచ్చిన హీరోయిన్ దగ్గర్నుంచి క్రికెటర్ దాకా అందరికీ ఈ ఒక్క క్రియే తగిలిస్తున్నారు ఈ మధ్య. (మీ ఉత్తరంలో మరోచోట 'యముడు' అని కూడా రాశారు. దున్నపోతూ పాశమూ లేనివాణ్ణి యముడనకండి.)

ఇక అతిథి. తిథి చూసుకోకుండా వచ్చేవాడని బడిలో చెప్పారు. బాగానే ఉంది గానీ నాకిష్టమైంది రెండో వ్యుత్పత్తి: 'అత్' ధాతువుకి ఎడతెగక నడవడం అని అర్థం, కాబట్టి అతిథి అంటే దారిన పోతూ ఉండేవాడు. మనువు ఒక్క రాత్రి ఉండేవాడే అతిథి అన్నాడు, 'అనిత్యం హి స్థితో యస్మాత్' అని కారణం కూడా చెప్పాడు. రెండో పూట కూడా కాఫీ అడిగితే చుట్టం కింద లెక్క. మనుచరిత్రలో సిద్ధుణ్ణి చూడగానే ప్రవరుడు ఏమన్నాడు? "ఎందుండి యెందుఁ బోవుచు నిందుల కేతెంచినారలిప్పుడు". రెండు 'ఎందు'ల నడుమ ఒక్క 'ఇందు'! పెద్దన ఈ మాటకి చేసిన ఈపాటి వ్యాఖ్యానం నాకు ఏ నిఘంటువులోనూ దొరకలేదు. ఆ సిద్ధుడు కాళ్లకి ఇంత పసరు పూసి తన దారిన తాను పోయాడు, ఆ పసరే లేకపోతే హిమాలయమూ లేదు, వరూధినీ లేదు, కావ్యమూ లేదు.

1958లో వచ్చిన బెర్గ్‌మన్ 'ఆన్సిక్టెట్' (ముఖం అని అర్థం) సినిమాలో ఎకెరోట్ పనీ అదే. అడవిలో ఇంద్రజాలికుడి బండి పోతుంటే చావుబతుకుల్లో ఉన్న తాగుబోతు నటుడొకడు దొరుకుతాడు, బండెక్కించుకుంటారు. పేరు స్పేగెల్, అంటే స్వీడిష్‌లో అద్దం. పోయాడనుకుంటారు, లేచొస్తాడు, ఈసారి నిజంగానే పోతాడు. ఆఖరికి ఇంద్రజాలికుడి శవమనుకుని డాక్టరు కోసేది ఇతగాణ్ణే! ధాతువు ప్రకారం ఇంతకన్నా అతిథి ఎవరు?

కానీ వాడుక వేరు. పెద్ద హీరో మొహమాటానికి ఒక సీన్లో కనిపిస్తేనే మనం అతిథి పాత్ర అంటాం. స్వీడిష్‌లోనూ ఆ మాట ఉంది, 'యెస్ట్‌రోల్', 'యెస్ట్' అంటే అతిథే. ఎకెరోట్ ప్రధానంగా నాటకాలాయన. 1956లో అమెరికా నాటకకర్త ఓనీల్ చివరి నాటకాల్లో ఒకదాన్ని స్టాక్‌హోమ్‌లో ప్రపంచంలోనే మొదటిసారి ఆడించిన దర్శకుడు. అలా చూస్తే సినిమా ఇంటికి అతిథేనని వాదించొచ్చు కూడా. పాత్రకి గిన్నె అనీ, అర్హత అనీ ఉన్న అర్థాల జోలికి ఇప్పుడు పోను.

నేనైతే 'చిన్న వేషం వేశాడు' అని రాసి ఊరుకుంటాను. అతిథి పాత్రే ఉంచుకుంటానంటే అడ్డుపడను. 'మెరిశాడు' మాత్రం కొట్టేయండి.