ముఖం హెల్పరుకి ఇవ్వరు

అమ్మాయీ,

నీ కథ అందింది. మొదటి పేజీ బాగుంది. మూడో పేజీకి వచ్చేసరికి ఒళ్ళు మండింది. సినిమా బ్యానర్లు వేసే కుర్రాడు, మద్రాసులో బోర్డింగు హౌసు, పై గదిలో నర్సు, ఆమెకి చెప్పుకోలేని ప్రేమ. ఇంత మంచి సరుకు చేతిలో పెట్టుకుని, హీరోయిన్ బొమ్మకి నర్సు పుట్టుమచ్చ పెట్టాడని ఒక్క వాక్యంలో తేల్చేశావు. మిగతా రెండు పేజీలూ గుండె ఝల్లుమనడం, మనసు మూగబోవడం.

పైగా ఆ మచ్చ కుదరదు. చేత్తో బ్యానర్లు వేసే రోజుల్లో ముఖం మేస్త్రీ వేసేవాడు. స్టిల్ ఫొటో మీద గళ్ళు గీసి, అవే గళ్ళు గుడ్డ మీద పెద్దగా గీసుకుని, గడికి గడి చూసి వేసేవారు. లేని మచ్చ వస్తే ఊరుకుంటాడా? నీ కుర్రాడు హెల్పరు. వాడికి దక్కేది ఆకాశం, అక్షరాలు, చీర. ఆ రోజుల్లో స్టిల్సు ఎక్కువగా నలుపు తెలుపే కాబట్టి చీర రంగు వేసేవాడి ఇష్టం. మేడమీద దండెం మీద ఆరే ఆమె చీర అంచు వాడికి కంఠతా వచ్చు. ఆ అంచునే హీరోయిన్ చీరకి వేయించి, బ్యానర్‌ని మౌంట్ రోడ్డు మీద నిలబెట్టించు. బిడియస్థుడి ప్రేమ రాయాలంటే వాడి పని రాయాలి, ఇంకో దారి లేదు.

పానగల్ పార్కు దగ్గర నేనున్న లాడ్జిలో పక్కగది ఆయన బ్యానర్ ఆర్టిస్టు. రోజూ కిరోసిన్‌తో చేతులు తుడుచుకుని మెస్సుకి వచ్చి, వాసన ఎవరికీ తగలకుండా చివరి ఆకు దగ్గర కూర్చునేవాడు. టైపిస్టు అమ్మాయి భోజనానికి వచ్చే పూట మాత్రం సబ్బుతో మళ్ళీ మళ్ళీ రుద్దుకునేవాడు. గోళ్ళ సందుల్లో ఎరుపు పోయేది కాదు. నేనది కథగా రాస్తే ఒక సంపాదకుడు ఆ చేతులు కడిగే భాగమంతా కొట్టేసి కొసమెరుపు పెట్టమన్నాడు. కొసమెరుపు పిచ్చితో ఎన్ని మంచి కథలు చంపారో! ఆ కోపం నాకింకా తీరలేదు.

నువ్వూ అందుకే సెంట్రల్ స్టేషన్‌లో ఉత్తరం ఇప్పించావు. ఆ సీను తీసెయ్. ఏ పత్రికకి పంపాలన్నది తర్వాత చూద్దాం. ముందు ఆ దండెం దగ్గర ఎవరెవరు ఏ పూట బట్టలు ఆరేస్తారో, వాడు ఏ వంకతో పైకెళ్తాడో రాసి పంపు.