డీఎల్ఎల్ ఎర్రర్లు సరిచేసే ఉద్యోగం మానేయాలా?

ప్రశ్న: బీటెక్ సీఎస్ఈ పూర్తిచేసి గుంటూరులో ఒక చిన్న కంపెనీలో చేరాను. మందుల షాపులకు విండోస్‌లో నడిచే బిల్లింగ్ సాఫ్ట్‌వేర్ మాది. అందులో లాగింగ్ (ప్రోగ్రామ్ ఎప్పుడేం చేసిందో ఫైల్లో రాసిపెట్టడం) చూసుకోవడం, ‘లాగ్4నెట్ ఫైల్ లోడ్ కాలేదు’ లాంటి ఎర్రర్లు సరిచేయడం నా పని. ఫ్రెండ్సంతా ఏఐ కోర్సుల్లో చేరారు. నాకు టెన్షన్‌గా ఉంది. ఉద్యోగం మానేసి అమీర్‌పేటలో ఏదైనా కోర్సులో చేరమంటారా?

జవాబు: ఇప్పుడే మానేయకండి. మీరు చిన్న పని అనుకుంటున్నది నిజానికి చిన్న పని కాదు.

మీరు రాసిన ఎర్రర్‌నే చూడండి. లాగ్4నెట్ అంటే మైక్రోసాఫ్ట్ డాట్‌నెట్ ప్రోగ్రాముల్లో లాగింగ్ చేసిపెట్టే లైబ్రరీ, అంటే ముందే రాసిపెట్టిన కోడ్. అలాంటి కోడ్ ఉండే ఫైలే డీఎల్ఎల్. మీ సాఫ్ట్‌వేర్‌లో బిల్లులు, రిపోర్టులు క్రిస్టల్ రిపోర్ట్స్ అనే రిపోర్టుల టూల్‌తో వస్తుంటే, దాన్ని నడిపే రన్‌టైమ్ భాగం లాగ్4నెట్ 1.2.10 వెర్షన్‌నే అడుగుతుండవచ్చు. మీ టీమ్ కొత్త వెర్షన్ పెట్టి ఉంటుంది. 2011లో వచ్చిన 1.2.11 నుంచి ఆ లైబ్రరీకి సంతకం చేసే కీ మారింది. పాత ఫైల్ టోకెన్ (ఆ కీని గుర్తించే సంఖ్య) 1b44తో మొదలవుతుంది, కొత్తది 669eతో. పేరు ఒకటే అయినా డాట్‌నెట్ దృష్టిలో అవి రెండు వేరు వేరు లైబ్రరీలు. అందుకే ఒకదాన్ని కాపీ చేస్తే రెండోది ఏడుస్తుంది. కాన్ఫిగ్ (సెట్టింగుల) ఫైల్‌లో బైండింగ్ రీడైరెక్ట్, అంటే ఒక వెర్షన్ అడిగితే ఇంకోటి ఇవ్వమనే సూచన పెట్టినా లాభం లేదు, అది వెర్షన్‌ని మారుస్తుంది కానీ కీని మార్చలేదు. రెండు ఫైళ్లనూ వేరే వేరే సబ్‌ఫోల్డర్లలో పెట్టి, ఏది ఎక్కడుందో కాన్ఫిగ్‌లో కోడ్‌బేస్‌తో చెప్పాలి. ఈ ఒక్క సమస్య మూలం దాకా వెళ్లి తేల్చారంటే, డాట్‌నెట్ ఒక ఫైల్‌ని ఎలా వెతుక్కుంటుందో మీకు జీవితాంతం గుర్తుంటుంది.

ఒక మాట గట్టిగా చెప్పాలి. డీఎల్ఎల్ దొరకలేదని కనబడగానే ఆ పేరు గూగుల్లో కొట్టి ఏదో వెబ్‌సైట్ నుంచి దించుకునే అలవాటు చాలామంది ఫ్రెషర్లకు ఉంది. దయచేసి ఆ పని చేయకండి. ఆ ఫైల్‌లో ఏ కోడ్ ఉంటే అది మీ ప్రోగ్రామ్‌కున్న అధికారాలన్నిటితో షాపు కంప్యూటర్‌లో నడుస్తుంది. డాట్‌నెట్ లైబ్రరీలు దొరికే నూగెట్ నుంచి గానీ, లాగ్4నెట్ తయారుచేసే అపాచీ వాళ్ల సైట్ నుంచి గానీ తీసుకోండి.

లైబ్రరీల మీద పట్టు ఎందుకు అవసరమో 2021 డిసెంబర్ చూపించింది. జావాలో వాడే లాగ్4జె లైబ్రరీలో పదికి పది తీవ్రత ఉన్న లోపం బయటపడింది. తమ సాఫ్ట్‌వేర్లలో ఆ ఫైల్ ఎక్కడెక్కడ దాగి ఉందో ప్రపంచమంతా కంపెనీలు వెతుక్కున్నాయి. మీ లాగ్4నెట్‌లో ఆ లోపం లేదు. కానీ దానికీ వేరే లోపం ఉండేది, 2.0.10లో సరిచేశారు. మీ కొత్త ఫైల్ అంతకంటే పాతదైతే సీనియర్‌కి చెప్పండి.

ఇక లాగ్ రాయడం. షాపాయన ఫోన్ చేసి “బిల్లు రావట్లేదు” అంటాడు, అంతకుమించి చెప్పలేడు. లాగ్ తెరిస్తే 11:42:07కి ప్రింట్ మొదలైందని ఒక లైను, 11:42:37కి ప్రింటర్ నుంచి జవాబు లేదని ఇంకో లైను ఉంటాయి. మధ్యలో 30 సెకన్లు ప్రోగ్రామ్ ఎదురుచూస్తూ కూర్చుంది. అంటే ముందు చూడాల్సింది బిల్లు లెక్కను కాదు, ప్రింటర్‌ని. ఆ రెండు లైన్లు ఎక్కడ రాయాలో తెలిసినవాడికి ఆ సాఫ్ట్‌వేర్ ఎలా నడుస్తుందో తెలిసినట్టే. ఇంకోటి, మందుల బిల్లు మీద పేషెంట్ పేరు, ఫోన్ నంబర్ ఉంటాయి. అవి లాగ్ ఫైల్లోకి పోకూడదు. 2023లో వ్యక్తిగత డేటా రక్షణ చట్టం వచ్చిందని మీ టీమ్‌లో గుర్తుచేయండి.

ఏడాది పాటు ఇక్కడే ఉండండి. సాయంత్రాలు సీరిలాగ్ (డాట్‌నెట్‌కే మరో లాగింగ్ లైబ్రరీ), ఆ తర్వాత ఓపెన్‌టెలిమెట్రీ (నడుస్తున్న సాఫ్ట్‌వేర్ల సమాచారం సేకరించే పద్ధతి) నేర్చుకోండి. సాఫ్ట్‌వేర్‌ని ఆగకుండా నడిపించే డెవాప్స్, ఎస్ఆర్ఈ ఉద్యోగాలకు దారి అటునుంచే. ఏఐ కోర్సు కూడా సాయంత్రాల్లో చేయొచ్చు, దానికోసం జీతం వదులుకోనక్కర్లేదు. రెజ్యూమెలో “లాగింగ్ చేశాను” అని రాయకండి. రెండు వెర్షన్ల గొడవ ఎలా పట్టుకున్నారో, ఎలా తేల్చారో రెండు వాక్యాల్లో రాయండి, ఇంటర్వ్యూలో దాని మీదే పావుగంట మాట్లాడొచ్చు.

అయితే ఆరు నెలలైనా ఫైళ్లు కాపీ చేయించడం తప్ప ఒక్క లైను కోడ్ కూడా రాయనివ్వకపోతే మాత్రం వేరే ఉద్యోగం వెతుక్కోండి. ముందు వాళ్లని అడిగి చూడండి. లాగింగ్ భాగం మొత్తం మీరే తిరగరాస్తానని అడిగితే చిన్న కంపెనీలు సాధారణంగా ఒప్పుకుంటాయి.